జడ ఎంత బిగువుగా ఉండాలి? గిరజాల జుట్టు, మెలిజడల వెనుక ఉన్న విజ్ఞానం

1896లో కలకత్తాలో తలనూనెల వ్యాపారి హేమేంద్ర మోహన్ బోస్ తన ‘కుంతలీన్’ నూనె పేరు మీద ఒక కథల పోటీ పెట్టాడు. కథలో నూనె ప్రస్తావన రావాలి, కానీ అది ప్రకటనలా ఉండకూడదు అన్నది షరతు. మొదటి బహుమతి ‘నిరుద్దేశేర్ కాహిని’ అనే కథకు దక్కింది. రాసినది ప్రెసిడెన్సీ కళాశాలలో భౌతికశాస్త్రం బోధిస్తున్న జగదీశ్ చంద్ర బోస్. కలకత్తా మీదికి పెను తుపాను వస్తోందని వాతావరణ శాఖ హెచ్చరిస్తుంది. తీరా చూస్తే తుపాను జాడే ఉండదు. శాస్త్రవేత్తలు తలలు పట్టుకుంటారు. చివరికి తెలిసేదేమిటంటే, ఓడలో వెళుతున్న ఒక ప్రయాణికుడు తన తలనూనె సీసాను సముద్రంలో ఒంపేశాడు, అలలు శాంతించాయి. నీటి తలతన్యత మీద నూనె చూపే ప్రభావాన్ని పట్టుకుని అల్లిన కథ అది. భారతీయ భాషల్లో వచ్చిన తొలి విజ్ఞాన కల్పనా కథల్లో ఒకటిగా దానికి పేరుంది.

నూనెతో తుపాను ఆగుతుందా అన్నది కథకే వదిలేద్దాం. కానీ కోల్‌కతా గాలిలోని తేమ, తలనూనె, వెంట్రుక - ఈ మూడింటి మధ్య ఉన్న సంబంధం మాత్రం అసలైన భౌతికశాస్త్రమే. ఇవాళ దాన్ని తెలుసుకోవలసిన అవసరం కొత్తగా వచ్చింది. కోల్‌కతా, హైదరాబాద్ లాంటి నగరాల సెలూన్లలో ‘ట్విస్ట్’లు, ‘బాక్స్ బ్రెయిడ్’లు కనిపిస్తున్నాయి. తలంతా చిన్న చిన్న గడులుగా విడదీసి, ఒక్కో గడిలోని జుట్టును రెండు పాయలు చేసి, ఒకదాని చుట్టూ ఒకటి మెలిపెట్టి వారాల తరబడి అలాగే ఉంచుకునే పద్ధతి ఇది. ఆఫ్రికాలోనూ, ఆఫ్రికా మూలాలున్న ప్రజల్లోనూ తరతరాలుగా ఉన్న ఈ అలంకరణకు ‘ప్రొటెక్టివ్ స్టైల్’, అంటే జుట్టును కాపాడే అలంకరణ అని పేరు. అయితే కాపాడవలసిన జడే ఒక్కోసారి జుట్టును శాశ్వతంగా పోగొడుతుంది. ఆ తేడా ఎక్కడ వస్తుందో చూద్దాం.

తేమను కొలిచిన వెంట్రుక

వెంట్రుక గాలిలోని తేమకు స్పందిస్తుందని శాస్త్రవేత్తలకు ఎప్పటి నుంచో తెలుసు. స్విట్జర్లాండ్‌కు చెందిన ఒరాస్ బెనెడిక్ట్ ద సోసూర్ 1783లోనే మనిషి వెంట్రుకతో పనిచేసే తేమమాపకాన్ని వివరించాడు. పూర్తిగా పొడిగా ఉన్న గాలి నుంచి పూర్తిగా తేమ నిండిన గాలిలోకి వెళితే వెంట్రుక పొడవు సుమారు 2 నుంచి 2.5 శాతం పెరుగుతుంది. నూనె జిడ్డు తీసేసిన వెంట్రుకను ఒక ముల్లుకు కడితే, ఆ చిన్న మార్పే తేమ ఎంత ఉందో చూపిస్తుంది. 1875లో కలకత్తా కేంద్రంగా మొదలైన భారత వాతావరణ శాఖ పరిశీలన కేంద్రాల్లోనూ వెంట్రుకతో పనిచేసే తేమలేఖినులు చాలాకాలం పనిచేశాయి.

ఇలా ఎందుకు జరుగుతుంది? వెంట్రుక ప్రధానంగా కెరాటిన్ అనే ప్రోటీన్‌తో తయారవుతుంది. పొడవాటి కెరాటిన్ గొలుసులను పక్కపక్కన పట్టి ఉంచే బంధాలు రెండు రకాలు. గంధకపు పరమాణువుల మధ్య ఏర్పడే డైసల్ఫైడ్ బంధాలు గట్టివి. వాటిని విడగొట్టాలంటే రసాయనాలు కావాలి. సెలూన్లలో జుట్టును శాశ్వతంగా నిటారు చేసే క్రీములు చాలావరకు చేసేది అదే. రెండో రకం హైడ్రోజన్ బంధాలు. ఇవి బలహీనమైనవి. నీరు తగిలితే విడిపోతాయి, ఆరితే మళ్లీ ఏర్పడతాయి. తడి జుట్టును ఎలా మెలిపెట్టి ఆరనిస్తే ఆ ఆకారంలోనే నిలబడటానికి, మళ్లీ తేమ తగలగానే పాత రూపానికి వచ్చేయడానికి కారణం ఇవే. జూలై, ఆగస్టు నెలల్లో కోల్‌కతాలో గాలి తేమ తరచుగా 80 శాతం దాటుతుంది. ఉదయం నున్నగా దువ్వుకున్న ఉంగరాల జుట్టు మధ్యాహ్నానికి పొంగిపోయిందంటే అది జుట్టులో లోపం కాదు, హైడ్రోజన్ బంధాల పని.

నీటిలో నానిన వెంట్రుక తన బరువులో దాదాపు 30 శాతం నీటిని పీల్చుకోగలదు. పొడవు 2 శాతమే పెరిగినా మందం 15 శాతం దాకా పెరుగుతుంది. ఉబ్బిన వెంట్రుక మెత్తబడుతుంది. పొడి వెంట్రుక కన్నా ఎక్కువ సాగుతుంది, కానీ తక్కువ బలానికే తెగుతుంది. మెలిజడల విషయంలో ఈ అంకెలన్నీ మళ్లీ అక్కరకు వస్తాయి.

మెలిక ఉన్న చోటే బలహీనత

వెంట్రుక నిటారుగా వస్తుందా, గిరజాలు తిరుగుతుందా అన్నది చర్మం లోపలే నిర్ణయమవుతుంది. నిటారు జుట్టు కుదురు సూటిగా ఉంటుంది. వెంట్రుకను అడ్డంగా కోసి సూక్ష్మదర్శినిలో చూస్తే దాదాపు గుండ్రంగా కనిపిస్తుంది. గిరజాల జుట్టు కుదురు వంపు తిరిగి ఉంటుంది. వెంట్రుక కోత కోడిగుడ్డు ఆకారంలోకి, ఇంకా బల్లపరుపుగా మారుతుంది. రిబ్బన్‌ను మెలిపెట్టినట్టు దారి పొడవునా మెలికలు పడుతుంది.

ఆ మెలికల దగ్గరే చిక్కు మొదలవుతుంది. చర్మం కింది గ్రంథులు విడుదల చేసే సహజమైన జిడ్డు నిటారు వెంట్రుక మీద సులువుగా కొసదాకా జారుతుంది. ప్రతి మలుపు దగ్గరా ఆగిపోవలసి రావడంతో గిరజాల జుట్టు కొసలు పొడిబారతాయి. దువ్వెన లాగినప్పుడు బలమంతా మెలిక తిరిగిన చోట కేంద్రీకృతమవుతుంది, వెంట్రుక అక్కడే తెగుతుంది. అందుకే నిటారు జుట్టుకు పనికొచ్చే సలహా ఇక్కడ తలకిందులవుతుంది. నిటారు జుట్టును ఆరాక దువ్వితే సులువు. బాగా గిరజాలు తిరిగిన జుట్టును తడిగా, కండిషనర్ జారుడుతో దువ్వితేనే తక్కువ బలం పడుతుంది.

గిరజాల జుట్టు మనకు కొత్తదేమీ కాదు. హైదరాబాద్‌లోని ఏసీ గార్డ్స్ పేటకు ఆ పేరు నిజాం కొలువులోని ఆఫ్రికన్ కావల్రీ గార్డ్స్ వల్ల వచ్చింది. వారి వారసులైన సిద్దీ కుటుంబాలు నగరంలో నేటికీ ఉన్నాయి. వారిని పక్కన పెట్టినా తెలుగు, బెంగాలీ ఇళ్లలో అలల జుట్టు, ఉంగరాల జుట్టు ఉన్నవారు కోకొల్లలు. ‘పిచ్చుక గూడు’ అని వెక్కిరించి, నూనె పట్టించి, బిగించి జడ వేసి ఆ జుట్టును అణచడమే చాలా ఇళ్లలో అలవాటు.

మెలిజడ చేసే మేలు ఇక్కడే ఉంది. రోజూ దువ్వనక్కర్లేదు కాబట్టి రాపిడి తగ్గుతుంది. కొసలు పాయలో దాగుతాయి. వెంట్రుకలు ఒకదానితో ఒకటి ముడిపడవు. ఒక మాట స్పష్టంగా చెప్పుకోవాలి. మెలిజడ వల్ల జుట్టు వేగంగా పెరగదు. వెంట్రుక ఎవరికైనా నెలకు సుమారు ఒక సెంటీమీటరే పెరుగుతుంది. పెరిగినది తెగిపోకుండా నిలవడమే ఈ అలంకరణతో వచ్చే లాభం.

తాడు పేనేవారి లెక్క

మెలిజడ ఊడిపోకుండా ఎలా నిలుస్తుంది? దీనికి జవాబు హుగ్లీ ఒడ్డున ఉన్న జనపనార మిల్లుల్లో దొరుకుతుంది. 1855లో కలకత్తాకు ఎగువన రిష్రాలో దేశంలోనే తొలి జనపనార మిల్లు మొదలైంది. నార, దారాల మీద పరిశోధన చేసే జాతీయ సంస్థ ఇప్పటికీ కోల్‌కతాలోని టాలీగంజ్ ప్రాంతంలోనే ఉంది. తాడు పేనేవారికి తెలిసిన సూత్రం ఒకటే. ఒక్కో పేటకు ఒక దిక్కున పురి ఎక్కించాలి, రెండు పేటలను కలిపి ఎదురు దిక్కున మెలిపెట్టాలి. పేట తన పురి విప్పుకోవాలని చూస్తుంది, కలిపిన మెలిక దాన్ని అడ్డుకుంటుంది. రెండూ సరితూగితే తాడు తనంతట తాను విడిపోదు. నులకకైనా, రెండు పాయల మెలిజడకైనా ఇదే సూత్రం.

నార దారానికి పురి పెంచేకొద్దీ పోగుల మధ్య రాపిడి పెరిగి బలం పెరుగుతుంది. ఒక హద్దు దాటాక మాత్రం అదనపు పురి పోగులనే ఒత్తిడికి గురిచేసి దారాన్ని బలహీనపరుస్తుంది. తాడుతో మనం బరువులు లాగుతాం కనుక ఆ హద్దు దాకా వెళ్లడంలో అర్థం ఉంది. జడతో బరువులు లాగం. జడకు కావలసింది విడిపోకుండా ఉండేంత పట్టు మాత్రమే. అంతకు మించిన ప్రతి మెలికా తలకు అనవసరపు భారం.

ఇక్కడ జుట్టు రకం లెక్కలోకి వస్తుంది. గిరజాల వెంట్రుకలు ఒకదానిలో ఒకటి చిక్కుకుని, పెద్దగా లాగకుండానే మెలిక నిలబెడతాయి. నున్నటి, నిటారు జుట్టు జారిపోతుంది. దాన్ని నిలపడానికి మొదట్లోనే గట్టిగా లాగాలి, జిగురు జెల్ పూయాలి, రబ్బరు బ్యాండ్ బిగించాలి, లేదా కృత్రిమ పోగులు కలపాలి. అంటే గిరజాల జుట్టుకు రక్షణగా పుట్టిన అలంకరణ, నిటారు జుట్టు మీదికి వచ్చేసరికి లాగుడుగా మారే ప్రమాదం ఎక్కువ.

ముందు ఓడిపోయేది కుదురు

ఆరోగ్యంగా ఉన్న ఒక్క వెంట్రుక సుమారు 100 గ్రాముల బరువు మోయగలదు. తల మీద దాదాపు లక్ష వెంట్రుకలు ఉంటాయి. వాటిని 60 మెలిజడలు చేసి, ఒక్కోదానికి 10 గ్రాముల కృత్రిమ జుట్టు కలిపారనుకుందాం. అదనపు బరువు మొత్తం 600 గ్రాములు. అందరూ సమానంగా పంచుకుంటే ఒక్కో వెంట్రుక మీద పడేది 6 మిల్లీగ్రాములే. ఈ లెక్క ప్రకారం ఎవరికీ ఏమీ కాకూడదు.

అయినా జుట్టు ఊడుతోంది. కారణాలు మూడు. మొదటిది, బరువు సమానంగా పంపిణీ కాదు. గడి అంచున ఉన్న కొద్ది వెంట్రుకలే ఎక్కువ లాగుడు భరిస్తాయి. రెండోది, జడ బరువు కన్నా అల్లేటప్పుడు చేతితో బిగించిన బలం చాలా ఎక్కువ. అది జడ విప్పేదాకా లోపలే నిలిచి ఉంటుంది. మూడోది అన్నిటికన్నా ముఖ్యమైనది. వెంట్రుక నిర్జీవమైన పోగు, దాన్ని పట్టి ఉంచే కుదురు సజీవ కణజాలం. పోగు తెగేలోగానే కుదురు దెబ్బతింటుంది. ఆగకుండా లాగుతూ ఉంటే కుదురు చుట్టూ వాపు వస్తుంది. పెరుగుదల దశలో ఉన్న వెంట్రుకలు ముందుగానే రాలే దశకు వెళతాయి. కొత్తగా వచ్చేవి సన్నబడతాయి. ఏళ్ల తరబడి ఇదే సాగితే కుదురు ఉన్న చోట మచ్చ కణజాలం ఏర్పడుతుంది. ఆ తరువాత అక్కడ వెంట్రుక మొలవదు.

వైద్యులు దీన్ని ‘ట్రాక్షన్ అలోపీషియా’ అంటారు. తెలుగులో ‘లాగుడు బట్టతల’ అనుకోవచ్చు. బిగించి కొప్పు కట్టుకునే గ్రీన్‌ల్యాండ్ మహిళల్లో దీన్ని తొలిసారి గుర్తించినట్టు 1907లో వైద్య సాహిత్యంలోకి ఎక్కింది. తలపాగా కింద జుట్టును బిగించి ముడివేసుకునే సిక్కు పురుషుల్లోనూ భారత వైద్యులు దీన్ని నమోదు చేశారు. దక్షిణాఫ్రికాలోని కేప్‌టౌన్ విశ్వవిద్యాలయానికి చెందిన చర్మవైద్య నిపుణురాలు నోన్‌హ్లాన్‌హ్లా ఖుమాలో బృందం 2007లో ప్రచురించిన సర్వేల్లో, పరీక్షించిన పాఠశాల బాలికల్లో 17.1 శాతం మందికి, వయోజన స్త్రీలలో 31.7 శాతం మందికి ఈ సమస్య కనిపించింది. రసాయనాలతో నిటారు చేసిన జుట్టును మళ్లీ బిగించి అల్లినప్పుడు ప్రమాదం ఎక్కువని ఆ బృందం చేసిన పరిశోధన తేల్చింది. డైసల్ఫైడ్ బంధాలు ఇప్పటికే దెబ్బతిన్న వెంట్రుక మీద లాగుడు పడుతుందన్నమాట. స్ట్రెయిటెనింగ్ చేయించుకున్న వెంటనే మెలిజడలు వేయించుకోవాలనుకునేవారు గుర్తుంచుకోవలసిన విషయం ఇది.

మన ఇళ్లలో దీనికి వేరే రూపాలున్నాయి. బడికి వెళ్లే పిల్లలకు సాయంత్రం దాకా చెదరకూడదని బిగించే రెండు జడలు ఒకటి. నాట్యం నేర్చుకునేవారు సవరం కలిపి, జడగంటలు కట్టి వేసుకునే బరువైన జడ మరొకటి. పెళ్లి రోజున వేసే పూలజడతో కుదుళ్లు పోవు, మరునాడు విప్పేస్తారు కాబట్టి. ప్రమాదం రోజూ అదే చోట, అదే దిక్కున పడే లాగుడుతోనే.

తొలి గుర్తులు

ఈ జుట్టు నష్టంలో రెండు దశలు ఉంటాయని గుర్తిస్తే చాలావరకు నివారించవచ్చు. తొలి దశలో లాగుడు ఆపేస్తే నెలల వ్యవధిలో జుట్టు తిరిగి వస్తుంది. చివరి దశలో రాదు. ఆ మధ్య కాలంలో శరీరం ఇచ్చే సంకేతాలు ఇవి.

అన్నిటికన్నా ముందు వచ్చేది నొప్పి. జడ వేసిన రోజు రాత్రి తల దిండు మీద ఆనించలేకపోవడం, కనుబొమలు పైకి లాగినట్టు అనిపించడం మామూలు విషయం కాదు. జుట్టును లాగి కట్టడం వల్ల వచ్చే తలనొప్పికి అంతర్జాతీయ తలనొప్పుల వర్గీకరణలో ప్రత్యేక స్థానమే ఉంది. లాగుడు తీసేసిన గంటలోపు అది తగ్గిపోతుంది. తరువాత కుదుళ్ల దగ్గర చిన్న చిన్న పొక్కులు, దురద కనిపిస్తాయి. నుదుటి అంచున, కణతల దగ్గర, చెవుల పైన పొట్టిగా తెగిన వెంట్రుకలు పెరుగుతాయి. పాపిట వెడల్పవుతుంది. ముంగురుల వెనుక జుట్టు పలచబడి, అంచున మాత్రం నూగులాంటి సన్నటి వెంట్రుకలు వరుసగా మిగులుతాయి. జడలోకి అందనంత పొట్టిగా ఉండి లాగుడు తప్పించుకున్నవి అవి. చర్మవైద్యులు ఈ ‘అంచు గుర్తు’ను చూసే చాలాసార్లు రోగనిర్ధారణ చేస్తారు. చర్మం నున్నగా మెరుస్తూ, కుదుళ్ల రంధ్రాలే కనిపించకపోతే ఆలస్యమైనట్టు.

వానాకాలంలో మెలిజడ

కోల్‌కతాలో, కోస్తా ఆంధ్రలో మెలిజడ వేసుకునేవారికి మరో చిక్కు తేమ. బాగా తడిసిన జుట్టును బిగించి అల్లితే, ఆరే కొద్దీ గిరజాలు మళ్లీ ముడుచుకుంటాయి. కొలతకు సరిపోయిన జడ కుదుళ్లను లాగడం మొదలుపెడుతుంది. అదే, అల్లిన జడ వానకు తడిస్తే మరో రకం బిగువు వస్తుంది. తడిసిన నులక బిగిసినట్టే, ఉబ్బిన వెంట్రుకలు మెలికను బిగదీస్తాయి. పైగా పాయల మధ్య నిలిచిన నీరు జడ బరువు పెంచుతుంది. కాబట్టి చెమ్మ మాత్రమే ఉన్న జుట్టును వదులుగా మెలిపెట్టడం మేలు.

లోపల ఆరని జడ శిలీంధ్రాలకు నెలవు. చుండ్రుతో సంబంధం ఉన్న మలాసీజియా అనే ఈస్ట్ జిడ్డు, తేమ ఉన్న మాడు మీద బాగా పెరుగుతుంది. తడి జుట్టును ముడివేసి ఉంచే అలవాటున్నవారిలో, తేమ వాతావరణంలో, వెంట్రుక పొడవునా మెత్తటి తెల్లని గుళికలు కట్టే ‘వైట్ పీడ్రా’ అనే శిలీంధ్ర వ్యాధి కూడా కనిపిస్తుంది. చాలామంది వాటిని ఈపి అనుకుంటారు. జడ నుంచి ముక్క వాసన వస్తోందంటే అత్తరు పూయడం కాదు, విప్పి తలస్నానం చేసి ఆరబెట్టుకోవడమే పని.

వేసేటప్పుడు, ఉంచుకునేటప్పుడు, విప్పేటప్పుడు

చర్మవైద్యుల సలహాలను, వెంట్రుక భౌతికశాస్త్రాన్ని కలిపి చూస్తే ఆచరణకు పనికొచ్చే కొన్ని సూత్రాలు తేలతాయి.

ముందుగా తలస్నానం, ఆ తరువాత కండిషనర్. గిరజాల జుట్టుకు తడి మీదనే, పళ్లు ఎడంగా ఉన్న దువ్వెనతో కొసల నుంచి మొదలుపెట్టి పైకి వస్తూ చిక్కు తీయాలి. స్నానానికి ముందు కొబ్బరినూనె రాసుకునే పాత అలవాటుకు ఆధారం ఉంది. ముంబయిలో ఆర్తి రేలే, ఆర్.బి. మొహిలే 2003లో ప్రచురించిన అధ్యయనంలో ఖనిజ తైలం, పొద్దుతిరుగుడు నూనెల కన్నా కొబ్బరినూనే వెంట్రుక నుంచి ప్రోటీన్ నష్టాన్ని తగ్గించింది. అందులోని లారిక్ ఆమ్లపు అణువు చిన్నదిగా, సూటిగా ఉండి వెంట్రుక లోపలికి చేరగలగడమే కారణం. ఆ అధ్యయనం చేసినవారు కొబ్బరినూనె అమ్మే సంస్థ పరిశోధకులన్న సంగతీ గుర్తుంచుకోవాలి. పైగా, రాలుతున్న జుట్టును నూనె ఆపుతుందని దీని అర్థం కాదు.

గడులు మరీ చిన్నవిగా తీయకూడదు. కొద్ది వెంట్రుకల మీద ఎక్కువ బరువు పడటం అక్కడే మొదలవుతుంది. నుదుటి అంచున, కణతల దగ్గర ఉన్న సన్నటి వెంట్రుకలను మెలికలోకి లాగకుండా వదిలేయాలి. కుదురు దగ్గర కొంత వదులు ఉంచి, కిందికి వెళ్లే కొద్దీ మెలిక బిగించవచ్చు. కృత్రిమ జుట్టు కలిపితే తక్కువ పొడవు, తక్కువ బరువు ఎంచుకోవాలి. మెలిజడలన్నిటినీ మళ్లీ నడినెత్తిన ముడివేస్తే అప్పటిదాకా పాటించిన జాగ్రత్త వృథా.

జడలు ఉన్నంతకాలం మాడును కడగడం మానకూడదు. పల్చటి షాంపూ నీటిని గడుల మధ్య వేళ్లతో రాసి కడిగి, లోపలి పాయలు కూడా పూర్తిగా ఆరేదాకా ఆగాలి. రాత్రి పట్టు లేదా శాటిన్ గుడ్డ చుట్టుకుంటే నూలు దిండు గలీబు కన్నా రాపిడి తగ్గుతుంది. అల్లిన జడలను రెండు మూడు నెలలకు మించి, జుట్టు కలిపిన వాటిని ఆరు నుంచి ఎనిమిది వారాలకు మించి ఉంచుకోవద్దని అమెరికా చర్మవైద్యుల సంఘం సూచిస్తుంది. కోల్‌కతా వానాకాలానికి అంతకన్నా తక్కువే క్షేమం.

విప్పేటప్పుడు తొందర పనికిరాదు. కొంచెం నూనె లేదా కండిషనర్ రాసి, కొస నుంచి వేళ్లతో మెలిక విప్పాలి. చేతిలోకి గుప్పెడు వెంట్రుకలు వస్తే చాలామంది హడలిపోతారు. ఎవరికైనా రోజుకు 50 నుంచి 100 వెంట్రుకలు సహజంగానే రాలుతాయి. 45 రోజులు జడ కదపకుండా ఉంచితే రాలినవన్నీ అందులోనే చిక్కుకుని, విప్పిన రోజున 2,250 నుంచి 4,500 దాకా ఒక్కసారి బయటపడతాయి. ఇది నష్టం కాదు, బకాయి. అయితే ఊడిన వెంట్రుకకు ఒక చివర చిన్న తెల్లని గుండు ఉందా లేదా చూడాలి. ఉంటే సహజంగా రాలినది కావచ్చు. రెండు చివరలా గుండు లేని పొట్టి ముక్కలు ఎక్కువగా ఉంటే అవి తెగినవి. మళ్లీ జడలు వేయించుకునే ముందు జుట్టును కొన్ని వారాలు వదులుగా ఉంచాలి. ఈసారి పాపిట చోటు కూడా మార్చాలి.

జడ బిగువు ఎంత ఉండాలో కొలిచే పరికరం ఏ సెలూన్‌లోనూ లేదు. ఉన్న ఒకే ఒక్క కొలమానం జడ వేయించుకుంటున్న మనిషికి కలిగే నొప్పి. అందంగా కనబడాలంటే ఓర్చుకోవాలన్న మాటతో మనం ఆ కొలమానాన్ని పనిచేయనివ్వడం లేదు. ముఖ్యంగా పిల్లల విషయంలో. లాగుడు బట్టతల ముప్పై ఏళ్ల వయసులో బయటపడినా, దానికి పునాది చాలాసార్లు బడి రోజుల్లోనే పడుతుంది. జడ వేస్తుంటే పిల్ల ‘అమ్మా, నొప్పి’ అందంటే గారాలు పోతోందని అనుకోనక్కర్లేదు. కుదుళ్ల సంగతి ముందుగా తెలిసేది ఆ పిల్లకే. అప్పటికప్పుడు జడ విప్పి కాస్త వదులుగా వేస్తే సరిపోతుంది. మచ్చ కట్టిన కుదురును మళ్లీ మొలిపించే నమ్మకమైన చికిత్స మాత్రం ఇంకా రాలేదు.